సౌనా ముందు ఆరువేల మంది

కువోపియో
మార్చి 3

అక్కా,

ఫోన్ చెయ్యకుండా ఉత్తరం రాస్తున్నాడేమిటా అనుకోకు. మొన్న ఆదివారం ఫోన్ చేస్తే ఏమైందో నీకే తెలుసు. నువ్వు "ఊఁ" అన్నావు, నేను "ఊఁ" అన్నాను, ఆ తర్వాత పదకొండు నిమిషాలు ఇద్దరం నీ గోడ గడియారం చప్పుడు విన్నాం. మన వంశంలో నోటితో మాట్లాడేవాళ్లు పుట్టలేదు. కాగితమైతే కనీసం నింపాలన్న బెంగ ఉంటుంది.

తుంటిలో వేసిన కొత్త కీలు నిక్షేపంగా ఉంది. పాతవన్నీ మొరాయిస్తున్నాయి. నేయా అని ఈ పునరావాస కేంద్రంలో కసరత్తు చేయించే పిల్ల ఉంది. పొద్దున్నే వచ్చి "తైస్తో, లేవండి, వసారా మీకోసం ఎదురుచూస్తోంది" అంటుంది. ముప్ఫయ్యేళ్లు మున్సిపాలిటీలో రోడ్ల మీద మంచు తోసే బండి తోలినవాణ్ణి, ఇప్పుడు నాలుగు కాళ్ల ఊతకర్ర పట్టుకుని వసారా తోలుతున్నాను.

అసలు విషయం ఇది కాదు. బుర్రకీ చేతికీ పని ఉండాలని ఇక్కడ కంప్యూటర్‌లో ఒక ఆట ఇచ్చారు. ఊరు కట్టే ఆట. రోడ్డు వేసి, నీళ్ల గొట్టాలు పరిచి, కరెంటు ఇస్తే జనం వాళ్లంతట వాళ్లే వచ్చి కాపురం పెడతారు. నేను మన హౌకిలాంపినే కట్టాను. చెరువు, హెల్వి కొట్టు, పక్క పొలం అర్వో తస్కినెన్ ఓట్స్ చేను, వంకర తిరిగిన బస్టాపు, అన్నీ ఉన్నాయి. చెరువు ఒడ్డున మన ఎర్ర ఇల్లు పెట్టాను, నీటి దగ్గర ఆవిరిస్నానానికి సౌనా పెట్టాను. జనాభా 1,140. చూస్తే ముచ్చటేస్తుంది.

టూరిస్టులు మాత్రం సున్నా.

నా గదిలో సులెవి అని ఇంకో తుంటి ఉన్నాడు. చర్చిలో ఆర్గన్ వాయించి రిటైరైన మనిషి. దేవుడి పాటలు వాయించిన ఆ చేతులతోనే జూదశాలలు కట్టాడు. వాడి ఊరికి వారానికి నాలుగువేల మంది వస్తున్నారు. మే ఒకటిన వచ్చే వప్పు పండుగ నాటికి ఎవరి ఊళ్లో టూరిస్టులు ఎక్కువుంటే వాళ్లకి ఇక్కడి సౌనాలో వేసవంతా శనివారం మొదటి వంతు. మొదటి వంతంటే ఏమిటో నీకు చెప్పక్కర్లేదు. ఇంకొకరి ఊపిరి కలవని ఆవిరి!

నువ్వు ముప్ఫయ్యొక్క ఏళ్లు మున్సిపాలిటీలో ఇళ్ల అనుమతులు చూశావు కదా. మన ఊరికి టూరిస్టులని ఎలా రప్పించేవాళ్లో కాస్త రాయి.

నీ తమ్ముడు
తైస్తో


హౌకిలాంపి
మార్చి 8

ఒరేయ్ తైస్తో,

ఉత్తరం చేరింది. పోస్టువాడు వారానికి మూడుసార్లే వస్తున్నాడు కాబట్టి జవాబు ఆలస్యమైతే అలిగానని అనుకోకు. అలిగినప్పుడు నేనే చెబుతాను.

టూరిస్టుల సంగతి అడిగావు. మన ఊరికి టూరిస్టు వచ్చింది ఒక్కసారే. ఎనభై ఏడులో ఒక డచ్చాయన కారు చెడి నాలుగు రోజులున్నాడు. అమ్మ ఆయనకి చేపల రొట్టె పెట్టింది. బాగైన కారు చూడగానే ఏడ్చాడు. సంతోషంతోనో బాధతోనో ఎవరం అడగలేదు. ఆ సంవత్సరం మున్సిపాలిటీ నివేదికలో "పర్యాటకం నూరు శాతం పెరిగింది" అని నేనే టైపు చేశాను.

నీ ఆటకి నా సలహా. ఒడ్డున ఒక చెక్క వంతెన, వేసవికి డాన్సు వేదిక, సాసేజీల కొట్టు పెట్టు. హంగులొద్దు. మనకి మించిన పని చేస్తే ఊరు నవ్వుతుంది.

ఇక ఒక మాట. "వేసవంతా" అని రాశావేమిటి? మే నెలలో ఇంటికి పంపుతామని డాక్టరు నా ముందే అన్నాడు కదా. మేడ మీద నీ గది కిటికీలు తీసి గాలి ఆడనిచ్చాను. దుప్పట్లు మంచులో దులిపాను. సాక్సులు రెండు జతలు అల్లాను, మూడోది మడమ దగ్గరుంది.

నిచ్చెన కొట్టంలో పెట్టి తాళం వేశాను. దాని గురించి ఎవరూ మాట్లాడక్కర్లేదు.

అక్క
ఇర్యా


కువోపియో
మార్చి 14

అక్కా,

నువ్వు చెప్పినవన్నీ పెట్టాను. వంతెనకి ఒక్కడూ రాలేదు. డాన్సు వేదికకి ఇద్దరొచ్చి, ఎదురెదురు మూలల్లో నిలబడి వెళ్లిపోయారు. అచ్చం మన ఊళ్లోలాగే ఉంది, ఆట తయారుచేసినవాళ్లు మనవాళ్లే అయ్యుండాలి. సాసేజీల కొట్టు తగలబడింది.

సులెవి పక్కన కూర్చుని నాలుక చప్పరిస్తాడు. "తైస్తో, నీ ఊరు చూస్తే ఆదివారం మధ్యాహ్నం నాలుగింటికి ఉండే నీరసం వస్తోంది" అన్నాడు. ఒళ్లు మండిపోయింది. తెగించి పెద్ద పనే చేశాను. ఇరవై నాలుగంతస్తుల హోటల్ కట్టాను! వెనక జంతుశాల, అర్వో ఓట్స్ చేనులో విమానాశ్రయం. జిరాఫీలు రెండు. టూరిస్టులు ఒక్కసారిగా రెండొందల పన్నెండు మంది!

హోటల్‌కి చదునైన జాగా ఒడ్డున ఒక్కచోటే ఉంది. అంటే మనింటి చోటు. కాబట్టి ఇల్లు కూల్చేశాను. ఒక్క మీట నొక్కితే సరిపోయింది. ఇల్లు, సౌనా, నీ నల్లపండ్ల పొదలు, అన్నీ పోయాయి. చిన్న "టప్" మంది, కాస్త దుమ్ము లేచింది, అంతే. లోపలున్నవాళ్లు ఏమవుతారో అని నీలాగే నాకూ అనుమానం వచ్చింది. వాళ్లంతట వాళ్లే ఇంకో ఇల్లు చూసుకుంటారట. ఏమీ పట్టించుకోనక్కర్లేదట.

సాక్సులు ముదురు రంగువి పంపు. ఇక్కడ అందరివీ కలిసిపోతాయి.

నీ తమ్ముడు
తైస్తో


హౌకిలాంపి
మార్చి 19

శ్రీ తైస్తో గారికి,

మీరు ఈ నెల 14న రాసిన ఉత్తరం అందినది. అందులో తమరు హౌకిలాంపి చెరువు ఒడ్డున నివాసగృహమును, సౌనాను, ఫలవృక్షములను తొలగించి ఇరవై నాలుగు అంతస్తుల భవనము నిర్మించినట్లు తెలియజేసియున్నారు. సదరు నిర్మాణమునకు పొరుగువారి అభిప్రాయ సేకరణ జరిగినట్లు ఎక్కడా కనిపించుట లేదు.

ఒరేయ్, ముప్ఫయ్యొక్క ఏళ్లలో నేను ఒక్క కట్టెల పాక కూడా పొరుగువాళ్ల సంతకం లేకుండా లేవనివ్వలేదు. పాస్టరు గారి కుక్క గూడుకి కూడా ముగ్గురు సంతకాలు పెట్టారు. ఒకావిడ అభ్యంతరం చెబితే గూడు తలుపు తూర్పుకి తిప్పించాను. నువ్వు ఒక్క మీట నొక్కి అక్క ఇల్లు "టప్" మనిపించి, సాక్సుల రంగు గురించి రాస్తావా?

ఆట అని తెలుసు. నాకు మతి పోలేదు. ఆటలో కట్టాలంటే ఆటలోనే అడగాలి.

నువ్వు అడగవు కాబట్టి నేనే అడుగుతాను. హోటల్, జంతుశాల, విమానాశ్రయం మూడింటికీ అభిప్రాయ పత్రాలు తయారుచేశాను. హెల్వి కొట్టు దగ్గర నోటీసు బోర్డుకి నకలు అంటించాను. గడువు పద్నాలుగు రోజులు. ఈ లోపల ఇంకో అంతస్తు లేపావంటే చెబుతాను నీ సంగతి.

ఇంకో ప్రశ్న, దీనికి లిఖితపూర్వకంగా జవాబియ్యి. నీ ఆటలో నేనిప్పుడు ఎక్కడ ఉంటున్నాను?

ఇర్యా
(అలిగాను.)


కువోపియో
మార్చి 25

అక్కా,

నీ ఉత్తరం వసారాలో గట్టిగా చదివి వినిపించాను. నేయా నవ్వలేక ఊతకర్రల మీద కూలబడింది. సులెవి "మీ అక్క మహా చమత్కారి" అన్నాడు. వాడికి తెలియదు, నువ్వు జన్మలో చమత్కారం చెయ్యలేదని.

నీ ప్రశ్నకి జవాబు వెతికాను. ఈ ఆటలో ఏ మనిషి మీద నొక్కినా పేరు, చిరునామా వస్తాయి. మనింట్లోంచి లేచిపోయినావిడ ఇప్పుడు చెత్త కాల్చే ఫ్యాక్టరీ పక్క వీధిలో ఉంటోంది. కుక్కని కూడా పెంచుకుంటోంది. నెత్తి మీద పచ్చటి నవ్వు మొహం గుర్తుంది, అంటే మహా సంతోషంగా ఉందన్నమాట. నువ్వు అనవసరంగా ఇదైపోతున్నావు.

హోటల్ మాత్రం దెబ్బకొట్టింది. జనం దిగుతున్నారు, ఒకసారి జిరాఫీలని చూస్తున్నారు, తిరిగి విమానం ఎక్కేస్తున్నారు. రెండొందల పన్నెండు కాస్తా నూట నాలుగైంది. సులెవి ఊరు ఏడువేలు దాటింది. వాడు రాత్రీ పగలూ ఈలపాట.

పొరుగువాళ్లని నిజంగా అడిగేవు సుమా! మన పరువు పోతుంది.

నీ తమ్ముడు
తైస్తో

తా.క. ఈ పునరావాస కేంద్రం పక్కనే చిన్న ఫ్లాట్లున్నాయి. నేల మీదే గది, ఒక్క మెట్టు లేదు. ఇక్కడి సౌనా వాళ్లూ వాడుకోవచ్చు. నేయా తీసుకెళ్లి చూపించింది. ఊరికే చూశాను.


హౌకిలాంపి
ఏప్రిల్ 3

తైస్తో,

అభిప్రాయ సేకరణ నిన్నటితో ముగిసింది. మూడు ఫ్లాస్కుల కాఫీ, నలభై యాలకుల బన్నులు అయ్యాయి. నివేదిక ఇది.

అర్వో తస్కినెన్ టోపీ తీసి చేతిలో పట్టుకుని వచ్చాడు. అంటే కోపంగా ఉన్నాడని. "ఇర్యా, ఇది ఆటేనని నాకు తెలుసు. ఆటలోనైనా సరే, నా చేనులో విమానం దింపే ముందు నన్నొక మాట అడగాలా వద్దా? ఇరవై ఏళ్లు వాడి బండికి దారి ఇచ్చానే!" అన్నాడు. రాతపూర్వకంగా అభ్యంతరం ఇచ్చాడు. జిరాఫీలు ఉండాల్సిందే అయితే కంచె ఎత్తు కట్టేవాడే పెంచాలని రెండో పేరాలో రాశాడు. ఎంత ఎత్తో కొలిచి మరీ గీశాడు.

హెల్వికి హోటల్ ఇష్టమే. కానీ మధ్యాహ్నం రెండింటి నుంచి నాలుగింటి దాకా దాని నీడ ఆవిడ బట్టల తాడు మీద పడుతుందట. హోటల్‌ని ఎడమకి ఆరడుగులు జరపమంది.

మున్సిపల్ మేనేజరు స్వయంగా వచ్చాడు. హోటల్ గురించి ఏమీ మాట్లాడలేదు. "మీ తమ్ముడి ఊళ్లో జనాభా 1,140 అంటున్నారు. మన లెక్కలో 1,131. ఆ తొమ్మిది మంది ఎవరు? ఎక్కడున్నారు? చిన్నపిల్లలుంటే బడి మూతపడకుండా ఆగుతుంది" అని నీకు చెప్పమన్నాడు. ఆటండీ బాబూ అన్నాను. "తెలుసు, అయినా అడిగి చూడండి" అన్నాడు. బన్ను తినకుండా వెళ్లిపోయాడు పాపం.

నువ్వు ఊరికే చూసిన ఫ్లాటు గురించి నేనేమీ అనలేదు. మన అమ్మ కూడా ఇంతే, రెండు పేజీలు బంగాళాదుంపల గురించి రాసి, నాన్న పోయిన సంగతి తా.క.లో పెట్టింది. నీకు ఆ గుణం ఎక్కడికి పోతుంది!

ఇర్యా

తా.క. నువ్వు ఇల్లెందుకు కూల్చావో నాకు తెలుసు. ఆ రోజు నువ్వు కప్పు మీద మంచు తోస్తుంటే నిచ్చెన పట్టుకోవాల్సింది నేను. కాఫీ పొంగిన వాసనొచ్చి లోపలికి పరుగెత్తాను. వచ్చేసరికి నువ్వు కింద ఉన్నావు. ఆ మాట మొహం మీద అనలేక మీట నొక్కావు. అనెయ్యి, పడతాను.


కువోపియో
ఏప్రిల్ 10

అక్కా,

నీ తా.క. మూడుసార్లు చదివాను.

నువ్వు నిచ్చెన వదిలేశావా? నాకు తెలియనే తెలియదు! కింద నువ్వు పట్టుకునే ఉన్నావనుకున్నాను. ఆ ధైర్యంతోనే అటు తిరిగి, అర్వో కొన్న కొత్త ట్రాక్టర్ ఏ రంగుదో చూడబోయి జారాను. తప్పంతా ఆ ట్రాక్టర్‌ది. పడుతున్నప్పుడు కూడా "ఫరవాలేదు, అక్క ఉంది" అనుకుంటూ హాయిగా పడ్డాను. కంగారుపడి బిగుసుకుని ఉంటే రెండు తుంట్లూ పోయేవని డాక్టరన్నాడు. కాబట్టి ఒక తుంటి నీ పుణ్యమే.

ఇల్లు కూల్చింది హోటల్‌కి జాగా కోసమే. నా బుర్రలో అంతకు మించి లోతు లేదు. అరవై తొమ్మిదేళ్లుగా చూస్తున్నావు, ఈపాటికి తెలిసుండాలి.

మేనేజరుకి చెప్పు, ఆ తొమ్మిది మందీ హోటల్ వంటవాళ్లు, పెళ్లిళ్లు కాలేదు.

నీ తమ్ముడు
తైస్తో

తా.క. జూన్ ఒకటి నుంచి ఆ ఫ్లాటు తీసుకున్నాను. సంతకం పెట్టేశాను. మన మేడకి పద్నాలుగు మెట్లు. ఇక్కడ మెట్ల దగ్గర రోజూ కసరత్తు చేస్తున్నాను, అయిదో మెట్టు మీద కాలు వణుకుతుంది. నువ్వు డెబ్భై మూడేళ్ల మనిషివి, నన్ను మోస్తూ ఇంకోసారి ఏదైనా వదిలేసి కాఫీకి పరుగెత్తావంటే ఇద్దరం పోతాం. నన్ను తిట్టకు.


హౌకిలాంపి
ఏప్రిల్ 16

తైస్తో,

తిట్టను.

ఇక్కడి విశేషం చెబుతాను. గురువారం పిహ్లయావారా నుంచి పెన్షనర్ల బస్సు వచ్చింది. నోటీసు బోర్డు ఫోటో ఎవరో అక్కడిదాకా పంపారట. "ఇరవై నాలుగంతస్తుల హోటల్ ఎక్కడ రాబోతోంది?" అని అడిగారు. ఎక్కడా రావడం లేదు, అది ఆట అని చెప్పాను. "అది తెలుసమ్మా, అది రాని చోటు చూద్దామని వచ్చాం" అన్నారు. నలభై ముగ్గురు వానలో గొడుగులేసుకుని మన గట్టు మీద నిలబడి, లేని హోటల్‌ని అరగంట చూశారు. "ఎంత ఎత్తో!" అన్నాడొకాయన. "నీడ మరీ ఎక్కువ" అంది ఇంకొకావిడ. అర్వో తన జిరాఫీ కంచె బొమ్మ చూపించాడు. హెల్వి కొట్లో పోస్టుకార్డులు అయిపోయాయి, అవి పిహ్లయావారా బొమ్మలున్నవే. వచ్చే వారం ఇంకో రెండు బస్సులట.

నీకు ఎంతమంది? నూట నాలుగా? మాకు నలభై ముగ్గురే కానీ, అందరూ కాఫీ తాగారు.

ఇక ఇంట్లో వడ్రంగులున్నారు. పొద్దున్నుంచీ సుత్తి దెబ్బలు. మేడ మీద నీ గది ఇక అవసరం లేదు కదా. మంచం విప్పించాను.

సాక్సుల మూడో జత అయింది. ముదురు నీలం.

ఇర్యా


కువోపియో
ఏప్రిల్ 22

శ్రీమతి ఇర్యా గారికి,

తమరు ఈ నెల 16న రాసిన లేఖ చదివితిని. సదరు లేఖలో నా గదిలో నా మంచమును నన్ను అడగకుండా విప్పించినట్లు తెలియుచున్నది. దీనిపై నా అభ్యంతరమును ఇందుమూలముగా తెలియజేయుచున్నాను.

అక్కా, ఏమిటిది? ఆటలో ఇల్లు కూలిస్తే ఊరంతా పోగేసి మూడు ఫ్లాస్కుల కాఫీ పోశావు. నిజంగా నా గది పీకించేటప్పుడు ఒక్క ముక్క అడగాలనిపించలేదా? ఆ గదిలో పుట్టాను. పెళ్లాంతో వేరుపడి ఒక సూట్‌కేసుతో తిరిగొచ్చినప్పుడు నువ్వు ఏమీ అడక్కుండా దుప్పటి మార్చింది ఆ మంచం మీదే. ఫ్లాటు తీసుకున్నానే కానీ ఆ గది అక్కడ ఉంటుందనుకున్నాను. ఉంటేనే కదా దాన్ని వదిలి రాగలిగేది!

నిన్నంతా మంచం మీంచి లేవలేదు. నేయా వచ్చి పిలిచింది. వసారా నా కోసం ఎదురుచూడటం లేదని చెప్పాను.

ఇవాళ పొద్దున్న లేచి హోటల్ కూల్చేశాను. జంతుశాల, విమానాశ్రయం, జిరాఫీలు, అన్నీ తీసేశాను. అదే చోట ఎర్ర ఇల్లు పెట్టాను, సౌనా పెట్టాను, పొదలు ఒక్కొక్కటే నాటాను, పదకొండు. ఫ్యాక్టరీ పక్కనున్న ఆవిణ్ణి కుక్కతో సహా వెనక్కి తెచ్చాను. సులెవి "ఓడిపోయావు, పో" అన్నాడు. ఓడితే ఓడాను.

అయితే ఒక తమాషా జరిగింది. హోటల్‌తోపాటు దాని రోడ్డు కూడా పోయింది, తిరిగి వెయ్యడం మర్చిపోయాను. టూరిస్టులు పడవలో మన ఒడ్డున దిగుతున్నారు, తిరిగి వెళ్లడానికి దారి లేదు. వచ్చినవాళ్లు వచ్చినట్టే మన పెరట్లో ఉండిపోతున్నారు. సౌనా ముందు వరసకట్టి నిలబడ్డారు. ఒకరి మీద ఒకరు ఎక్కకుండా, మన పద్ధతిలో, మనిషికీ మనిషికీ రెండు గజాల దూరంలో. ఆ వరస చెరువు చుట్టూ తిరిగొచ్చింది. మధ్యాహ్నానికి ఆరువేల నూట పదిహేడు. వాళ్లని చూడటానికి ఇంకో పడవ వస్తోంది.

అంతమందికి నువ్వు సౌనా వేడి చెయ్యాలి. కట్టెలు సరిపోవు.

తైస్తో
(అలిగాను.)


హౌకిలాంపి
ఏప్రిల్ 28

ఒరేయ్ తిక్కశంకరయ్యా,

ముందు ఈ ఉత్తరంతో ఉన్న పత్రం చూడు. తర్వాత అలుగు.

నీ అభ్యంతరం సరైనదే. నిన్ను అడగాలి. అడగడానికి ముందు కొలతలు కావాలి, బొమ్మ కావాలి, వడ్రంగి వచ్చి చూడాలి. ఆ తర్వాతే పత్రం. పొరుగువాళ్లందరి సంతకాలూ అయ్యాక సగం ఇంటి హక్కుదారు సంతకం. ముప్ఫయ్యొక్క ఏళ్లు ఇదే వరసలో చేశాను, నీ కోసం మారుస్తానా? మంచం విప్పించకపోతే మేడ మీంచి కిందికి ఎలా దిగుతుంది? మొత్తంగా ఎత్తుకొచ్చే మగాడు ఆస్పత్రిలో ఉన్నాడాయె.

కింద నా మగ్గం గది నీది. మగ్గం మేడెక్కింది. అర్వో, పోస్టువాడు, మున్సిపల్ మేనేజరు కలిసి మోశారు. మేనేజరు ప్రతి మెట్టు దగ్గరా "తొమ్మిది మంది ఉంటే ఎంత తేలిగ్గా ఉండేది" అన్నాడు. తివాచీలు నేయాలంటే ఇకమీదట పద్నాలుగు మెట్లు నేనెక్కుతాను. నా తుంట్లు అమ్మవి, నీవి నాన్నవి.

కాలికి అడ్డం రాకుండా గది గడప తీయించాను. వాకిట్లో మెట్ల బదులు వాలు. అక్కడి నుంచి సౌనా దాకా చెక్క బాట, రెండు వైపులా పట్టుకునే కమ్మీ. సౌనాలో కింది బల్ల వెడల్పు చేయించాను. కమ్మీ తన వైపు పొలం గట్టుకి జానెడు దగ్గరగా వచ్చినా అర్వో అభ్యంతరం చెప్పలేదు. "వాడు పట్టుకోవడానికే కదా" అన్నాడు. టోపీ నెత్తినే ఉంది.

నీ ఫ్లాటు నీ ఇష్టం. సంతకం పెట్టినవాడికి రద్దు చేసుకోవడమూ తెలిసుండాలి. నేను బలవంతం చెయ్యను. పత్రంలో రెండు గళ్లున్నాయి. "అభ్యంతరం లేదు", "అభ్యంతరం ఉంది, కారణాలు కింద రాయవలెను". ఒకదానికి టిక్కు పెట్టు. పద్నాలుగు రోజుల్లో జవాబు రాకపోతే అభ్యంతరం లేనట్టే రాసుకుంటాను.

ఆ ఆరువేల మందికి రోడ్డు వెయ్యరా, పాపం. ఇళ్ల దగ్గర వాళ్లకోసం ఎవరో ఒకరు చూస్తుంటారు.

అక్క
ఇర్యా

తా.క. నిచ్చెన పాస్టరు గారికి ఇచ్చేశాను. కప్పు మీద మంచు ఈ ఏడాది నుంచి అర్వో ట్రాక్టర్‌తో తోస్తాడట. ఎర్రది.


పొరుగువారి అభిప్రాయ పత్రం

నిర్మాణము: నివాసగృహములో కింది అంతస్తు గది మార్పు, వాలు, కమ్మీ, సౌనా బల్ల వెడల్పు.
దరఖాస్తుదారు: ఇర్యా.
అభిప్రాయము తెలుపువారు: తైస్తో.

[✓] అభ్యంతరం లేదు.
[ ] అభ్యంతరం ఉంది, కారణాలు కింద రాయవలెను.

ఇతర వ్యాఖ్యలు (చోటు చాలకపోతే వెనక రాయవచ్చు):

పందెం గెలిచాను. వప్పు నాడు లెక్క చూస్తే సులెవికి తొమ్మిది వేలు, నాకు పదకొండు వేల నాలుగొందలు. మొదటి వంతు సులెవికే ఇచ్చేశాను. వేసవంతా నేనిక్కడ ఉండను కదా. మనిషి కళ్లనీళ్లు పెట్టుకున్నాడు, ఆర్గన్ వాయించేవాళ్లు అంతే.

నువ్వన్నట్టే రోడ్డు వేశాను. వెడల్పైన రోడ్డు, బస్సు కూడా పెట్టాను. బస్సు ఖాళీగా వచ్చి ఖాళీగా పోతోంది. ఒక్కరూ వరసలోంచి కదల్లేదు. ఆటలో ఏదో లోపమంటోంది నేయా. నాకైతే అలా అనిపించలేదు.

మెట్లు తొమ్మిది ఎక్కుతున్నాను. మిగతా అయిదూ మగ్గం దగ్గరికి కాఫీ తెచ్చే సాకుతో నేర్చుకుంటాను.

సంతకం: తైస్తో
తేదీ: మే 3

తా.క. ఫ్లాటు వద్దని చెప్పేశాను. శనివారం మూడున్నర బస్సుకి వస్తున్నాను. ఎదురురావొద్దు, కట్టెలు పెట్టి సౌనా దగ్గరే ఉండు. వరసలో నా ముందు ఎవరినీ రానివ్వకు.